నవ్వుకు వదిలిన చోటు

పోయిన వారం మీరు నన్ను సగం చీకట్లో, అరచేతుల్లో చెమటతో వదిలి వెళ్ళారు. మళ్ళీ అక్కడికే రండి. ఈ వారమే మొదలుపెట్టినవాళ్ళు కూడా మొహమాటపడకుండా వచ్చి కూర్చోండి, మా గదిలో కుర్చీలెప్పుడూ ఖాళీయే.

మార్న్ నది ఒడ్డున, జ్వాన్‌విల్‌లో, పాత సినిమాలకు మరమ్మతు చేసే చిన్న కార్ఖానా మాది. నా పేరు బ్లాండిన్. నెగటివ్‌ని ఒక్కో ఫ్రేమూ కంప్యూటర్లోకి ఎక్కించడం, దుమ్మూ గీతలూ తుడవడం, చిరుగులు తెలియకుండా అతకడం, జనం ఇంట్లో కూర్చుని చూసుకునేలా డిస్కు తయారుచేసి ఇవ్వడం, ఇరవై రెండేళ్ళుగా నా బతుకు ఇదే. ఈసారి చేతికొచ్చింది 1958 నాటి ‘మేయర్ గారి మీసం’. మా తాతల తరం పొట్ట చెక్కలయ్యేలా నవ్విన సినిమా. యాభై ఆరేళ్ళు డబ్బాల్లో పడి ఉన్నా నెగటివ్ బాగుంది. మేం పాత డబ్బా మూత తీయగానే ముందు కళ్ళతో కాదు, ముక్కుతో చూస్తాం. ఆ కాలపు ఫిల్ము చెడటం మొదలైతే వెనిగర్ వాసన కొడుతుంది. దీనికి ఆ వాసన లేదు.

డిస్కు వేసే కంపెనీ తరఫున తిబో అనే కుర్రాడు శుక్రవారం కల్లా కావాలని నెత్తిన కూర్చున్నాడు. సోమవారం ఉదయం రేమొంద్ వాసెర్ గారొచ్చింది. ఎనభై మూడేళ్ళు. ఆ సినిమాకి ఎడిటర్. దానికి పనిచేసినవాళ్ళలో ఇంకా ప్రాణాలతో ఉన్న ఒకే ఒక్క మనిషి. మా పని ఎలా ఉందో చూసి చెప్పమని మేమే పిలిచాం. రెండు రీళ్ళు చూసి ఊ కొట్టింది. మూడో రీలులో, సెలూన్ దృశ్యం మధ్యలో, చెయ్యెత్తింది.

"ఆపండి. ఇక్కడొక మనిషిని తీసేశారు."

కిందటి వారం ఆగింది ఇక్కడే.

లైట్లు వేశాను. తెర మీద నిలిచిపోయిన బొమ్మలో ఇద్దరే ఉన్నారు. చేతిలో కత్తితో బార్బరు, మెడ చుట్టూ తెల్లగుడ్డతో మేయరు.

"ఎవర్ని తీశాం మదాం? ఈ సీన్లో ఉన్నదే ఇద్దరు. ఇద్దరూ ఉన్నారు," అన్నాను.

"ఉన్నవాళ్ళని చూపించమన్నానా అమ్మాయ్? లేనివాడి సంగతి అడుగుతున్నా. కాస్త వెనక్కి తిప్పు."

తిప్పాను. ఆ దృశ్యం మీకు చెప్పాలి. పేద ఊరు. మింగ మెతుకు లేదు, మీసాలకు సంపెంగ నూనె అన్నట్టు మేయరు గారికి ఆస్తల్లా ఆ మీసమే. మంత్రిగారు వస్తున్నారని దాన్ని సరిచేయించుకోవడానికి సెలూన్లో కూర్చున్నాడు. ఇంతలో రైలు గంట ముందే వచ్చి కూత పెడుతుంది. బార్బరు ఉలిక్కిపడతాడు. కత్తి జారుతుంది. ఎడమవైపు మీసం మొత్తం ఊడి మేయరు ఒళ్ళో పడుతుంది. మేయరు అద్దంలోకి చూస్తాడు. చూసి అడుగుతాడు: "మంత్రిగారు ఏ వైపు నుంచి వస్తున్నారు?"

"ఇక్కడ," అంది రేమొంద్ గారు, కుర్చీ చేతిని వేలితో తడుతూ. "అద్దంలోకి చూడటానికీ, అడగటానికీ మధ్య. అరవై రెండు ఫ్రేములుండాలి. ఏవి?"

అవి ఎక్కడున్నాయో నాకు తెలుసు. తీసింది నేనే.

పోయిన నెల ఈ చోటుకి వచ్చేసరికి ఒక వింత కనిపించింది. మేయరు మొహం ఉన్న బొమ్మ ఒక్కోటీ రెండేసి సార్లు ఉంది, అదీ పక్క బొమ్మలకన్నా మసకగా. మా వృత్తిలో దానికి అర్థం చిన్నపిల్లనడిగినా చెబుతుంది: ఎప్పుడో ఫిల్ము చిరిగింది, ఎవరో ల్యాబులో పక్క బొమ్మలనే మళ్ళీ అచ్చు తీసి ఆ చిరుగు పూడ్చారు. అలాంటి అతుకులు సినిమాలో పదకొండు చోట్ల ఉన్నాయి. మొత్తం ఇరవై ఆరు సెకన్లు. శబ్దంలో కూడా అక్కడ ఏమీ లేదు, వట్టి నిశ్శబ్దం. డెబ్భైల్లో టీవీ వాళ్ళ కోసం తీసిన కాపీ తెప్పించి పోల్చి చూస్తే అందులో ఈ పదకొండూ లేనేలేవు. ఇంకేం కావాలి? అతుకులన్నీ తీసి రెండు అంచులూ కలిపేశాను. కలిపిన చోటు ఎవరికీ తెలియదని నలుగురికీ చూపించుకుని మురిసిపోయాను కూడా.

అదంతా ఆవిడకు చెప్పాను. దాచి ఏం లాభం.

రేమొంద్ గారు కోప్పడుతుందనుకున్నాను. కోప్పడలేదు. సంచిలోంచి రుమాలు తీసి, కళ్ళజోడు తుడుచుకుని, మళ్ళీ పెట్టుకుంది.

"అతుకు అనుకున్నావా. టీవీ వాళ్ళూ అలాగే అనుకుని కోసేసి ఉంటారు. మంచి పనిమంతురాలివే. అందుకే పొరపాటు పడ్డావు. పని రానిది అయితే వదిలేసేది. ఆ అతుకులేసింది నేనేనమ్మా. చిరుగులకి కాదు. నవ్వులకి."

గదిలో వెనక నిలబడి ఫోన్ చూసుకుంటున్న తిబో తలెత్తాడు.

"సినిమా అయ్యాక," అంది ఆవిడ, "విడుదలకి ముందు నొజాన్‌లో ఒక హాల్లో జనానికి వేసి చూశాం. గురువారం మధ్యాహ్నం. అప్పట్లో గురువారం బడి ఉండేది కాదు. పిల్లలు, తల్లులు, ముసలాళ్ళు, హాలు కిక్కిరిసిపోయింది. నేను వెనక వరసలో, చెవి మీద పెన్సిలు, ఒళ్ళో నోటు పుస్తకం పెట్టుకుని కూర్చున్నా. మీసం ఊడిందా, హాలు పగిలిపోయింది. మేయరు నోరు కదులుతోంది, ఏమన్నాడో ఒక్కడికీ వినపడలేదు. సినిమా మొత్తంలోకి మంచి మాట అది. నవ్వులో కొట్టుకుపోయింది. ఇలా పదకొండు చోట్ల."

"మళ్ళీ తీయొచ్చుగా?" అన్నాడు తిబో.

"దేంతో తీస్తారు బాబూ, సెట్టు కూడా విప్పేశారు. డైరెక్టరు జుట్టు పీక్కున్నాడు. నేనే చెప్పా, సినిమా కాస్త ఆగాలి, జనం నవ్వుకోవాలి, అప్పుడు మాట్లాడాలి అని. మేయరు మొహాన్నే రెండేసి సార్లు అచ్చు తీయించి సాగదీశా. ఎంత సాగదీయాలి? ఎవరి నవ్వుని కొలతగా పెట్టుకోవాలి? ముందు నవ్వినవాణ్ణి కాదుగా. అందరికన్నా చివర్న ఆపేవాణ్ణి."

"ఆ హాల్లో అలాంటివాడు ఉన్నాడా?" అన్నాను.

ఆవిడ మొహంలో వెలుగొచ్చింది. అబద్ధం చెప్పను, ఒక్క క్షణం నాకు ఇరవై ఏడేళ్ళ ఎడిటరమ్మాయి కనిపించింది.

"ఉన్నాడు. జనమంతా నవ్వి నవ్వి ఊరుకున్నాక, మా తలల వెనక, పైనున్న చిన్న కిటికీలోంచి ఒకే ఒక్క నవ్వు. ప్రొజెక్టర్ వేసే అబ్బాయి. పదకొండుసార్లూ అంతే. హాలు ఆగుతుంది, వాడు మొదలెడతాడు. నా పుస్తకం నిండా వాడి నవ్వులే. ఆట అయ్యాక మెట్లెక్కి పైకెళ్ళి నిలదీశా. ఏమయ్యా, నీ వల్ల నా సినిమా అర నిమిషం పెరుగుతోంది, అందరూ నవ్వినప్పుడే నవ్వడానికి నీకేం రోగం అని. ఏమన్నాడో తెలుసా?"

"ఏమన్నాడు?"

"ముందు రీలు సరిగ్గా తిరుగుతోందా చూసుకోవాలండీ, తర్వాత జనం కూర్చున్నారో లేచారో చూడాలి, ఆ తర్వాత కదండీ జోకు సంగతి, అన్నాడు. అని కాసేపు నా మొహం చూసి, అప్పుడు నవ్వాడు, నేనన్న మాటకి." ఆవిడ చేతిలో రుమాలు మడతలు పెట్టింది. "రెండో నెలలో పెళ్ళి చేసుకున్నాం. పేరు అల్సీద్. మీరు తీసేసిన మనిషి ఆయనే."

ఇరవై రెండేళ్ళుగా ఎన్ని వేల మచ్చలు తుడిచానో. అందులో ఎవరెవరు పోయారో అని మొదటిసారి భయమేసింది.

తిబో గొంతు సవరించుకున్నాడు. చెడ్డవాడు కాదు. మర్యాదస్తుడు, చెప్పులు కూడా తుడుచుకుని లోపలికొస్తాడు. అయితే తన పని తను చూసుకోవాలి.

"మదాం వాసెర్, చాలా బాగుంది ఈ కథ. కానీ అది హాలు. మేం వేసేది ఇంట్లో చూసేవాళ్ళకి. ఇంట్లో మూడొందల మంది ఉండరు. ఒకరో ఇద్దరో సోఫాలో పడుకుని చూస్తారు. మేయరు గారు రెండున్నర సెకన్లు బొమ్మలా ఉండిపోతే డిస్కు ఇరుక్కుందనుకుంటారు. పాడైన డిస్కు ఇచ్చారని వెనక్కి పంపిస్తారు. నలభై ఏళ్ళుగా జనం ఇంట్లో చూసింది టీవీ కాపీనే. నేనూ దాంతోనే పెరిగా. ప్రతి క్రిస్మస్‌కీ మా అమ్మమ్మ పక్కన కూర్చుని చూసేవాణ్ణి. ఆవిడకి చెవుడు. ఏమన్నాడ్రా, ఏమన్నాడ్రా అంటూ ప్రతి మాటా నా చేత మళ్ళీ చెప్పించుకునేది. అయినా ఆ సినిమా అంటే ప్రాణం. ఆ ఖాళీలు లేవని ఆవిడేం బాధపడలేదు."

"ఖాళీలా," అంది రేమొంద్ గారు మెల్లగా.

"క్షమించండి. ఇంకో మాట దొరకలేదు."

ఆవిడ తెర వైపు చూస్తూ చెప్పింది. "నవంబర్లో ఆయనకి పక్షవాతం వచ్చింది బాబూ. కుడిచెయ్యి పడిపోయింది, మాట పోయింది. అన్నీ తెలుస్తాయి అంటాడు డాక్టరు. సూపు తాగిస్తే తాగుతాడు, కిటికీ పక్కన కూర్చోబెడితే నది చూస్తాడు. నవ్వు మాత్రం లేదు. ఆరు నెలలైంది. యాభై ఆరేళ్ళు ఆ లేటు నవ్వు విన్న చెవులు నావి. మూడో అంతస్తు, లిఫ్టు లేదు, హాలుకి తీసుకెళ్ళలేను. మీరు డిస్కు వేస్తున్నారని తెలిసి, ఆయన సినిమా ఆయన ఇంటికే వస్తోందని ఎంత సంబరపడ్డానో. ఇంట్లో చూసేవాళ్ళకి ఇది అక్కర్లేదంటున్నావు. ఆయన కూడా ఇంట్లో చూసేవాడే."

తిబో తల వంచుకున్నాడు. "బుధవారం మధ్యాహ్నం మీ ఇంటికి రావచ్చా?" అని అడిగాడు. "రెండు రకాలూ ఆయనకి వేసి చూద్దాం. తేడా ఉంటే నా కళ్ళతో చూస్తాను. లేకపోతే మాత్రం టీవీలో ఉన్నట్టే వెళ్ళనివ్వాలి మదాం."

"రా," అంది ఆవిడ. "వట్టి చేతుల్తో రాకు."

మా పనిలో ఒక మంచి నియమం ఉంది. తీసినదేదీ పారేయం. చేతులు కాలాక ఆకులు పట్టుకోవడమే అనుకోండి, కనీసం ఆకులైనా దొరికాయి. మంగళవారమంతా కూర్చుని పదకొండు చోట్లా తీసిన ఫ్రేములు తెచ్చి, ఉన్నచోట ఉన్నట్టు పెట్టాను. వాటి మసక కూడా తీయలేదు. మొదటిసారి వాటిని అతుకుల్లా కాకుండా ఆగి చూశాను. సగం మీసంతో ఉన్న ఆ మొహం మనం నవ్వు ముగించేదాకా మర్యాదగా ఎదురుచూస్తున్నట్టే ఉంది. ఇది ఇన్నాళ్ళూ నాకెందుకు కనపడలేదా అని సిగ్గేసింది.

బుధవారం మూడింటికి నొజాన్‌లో వాళ్ళింటి మెట్లెక్కాం. తిబో చేతిలో ఆపిల్ టార్టు పెట్టె, నా చేతిలో రెండు డిస్కులు. తలుపు తీయగానే సన్నగా వెనిగర్ వాసన తగిలింది. మధ్యాహ్నం సలాడ్ తిన్నారు కాబోలనుకున్నాను.

కిటికీ పక్కన పెద్ద కుర్చీలో అల్సీద్ గారు. ఎనభై ఎనిమిదేళ్ళ పొడుగాటి మనిషి, మడత నలగని చొక్కా, దువ్విన తెల్లజుట్టు. కళ్ళు మా వైపు తిరిగాయి. ఒక్క క్షణం తర్వాత, తిబో చేతిలో పెట్టె వైపు తిరిగాయి.

"చూశావా, ఆకలి మాత్రం లేటు కాదు," అంది రేమొంద్ గారు ఆయన భుజం మీద చెయ్యి వేసి. "అది నీకు కాదయ్యా. నవంబరు నుంచి ఈ ఇంట్లో పొద్దున సూపు, రాత్రి సూపు. ఆయన తినలేనిది నాకు మాత్రం ఎలా దిగుతుంది? సరే, ఇవాళ ఒక ముక్క చిదిమి పెడతాలే."

మొదట తిబో చెప్పినట్టు అతుకుల్లేని డిస్కు పెట్టాం, సెలూన్ దృశ్యం నుంచి. కూత, కత్తి, మీసం, "మంత్రిగారు ఏ వైపు నుంచి వస్తున్నారు?", బార్బరు జవాబు "ఎడమ నుంచేనండీ." తర్వాత స్టేషన్లో మేయరు ఎండ్రకాయలా అడ్డంగా నడుస్తాడు, మంత్రికి కుడివైపే కనపడాలని. అల్సీద్ గారి కళ్ళు తెర మీదే ఉన్నాయి. మొహంలో ఏమీ లేదు. బొమ్మలు ఆయన ముందు నుంచి రైలు పెట్టెల్లా వెళ్ళిపోయాయి. రేమొంద్ గారు తెర వైపు ఒక్కసారి కూడా చూడలేదు. ఆయన్నే చూస్తోంది.

రెండో డిస్కు పెట్టాను.

కూత. కత్తి. మీసం. మేయరు అద్దంలోకి చూశాడు. చూస్తూనే ఉన్నాడు. ఆ గదిలో రెండున్నర సెకన్లు ఎంత పొడుగో చెప్పలేను. కింద వీధిలో ఎవరో సైకిలు గంట కొట్టారు. అల్సీద్ గారి మొహం కదల్లేదు. అరవై రెండు ఫ్రేములూ అయిపోయాయి. మేయరు అడిగాడు. బార్బరు జవాబిచ్చాడు.

తిబో నా వైపు చూశాడు. జాలిగానే చూశాడు. రేమొంద్ గారు చేతులు ఒళ్ళో పెట్టుకుని, "పోన్లే," అంది, ఎవరితోనో కాదు, తనతోనే. నాకు అక్కడే ఏడుపొచ్చింది. ఆవిడ అంత చిన్న గొంతుతో మాట్లాడటం నేను వినలేదు.

సినిమా సాగిపోతోంది. స్టేషను. బ్యాండు మేళం. మేయరు అడ్డనడక మొదలైంది.

అప్పుడు వినపడింది. ముందు దగ్గనుకున్నాను. అల్సీద్ గారి భుజాలు కదిలాయి. గొంతులోంచి బొంగురు గాలి ఒకటి వచ్చింది, ఆగింది, మళ్ళీ వచ్చింది. ఎడమచెయ్యి మెల్లగా లేచి తన పై పెదవి మీద ఎడమ సగాన్ని తడిమింది, మీసం ఉందా లేదా అన్నట్టు. ఆయన నవ్వుతున్నాడు. అడ్డనడకకి కాదు. మీసానికి. ఇందాకటి మీసానికి, ఇప్పుడు.

రేమొంద్ గారి చెయ్యి దానంతటదే చెవి దగ్గరికి వెళ్ళింది, యాభై ఆరేళ్ళ కిందటి పెన్సిలు కోసం. అక్కడ ఏమీ లేదు. వేళ్ళు మాత్రం మోకాలి మీద తాళం వేస్తూనే ఉన్నాయి. ఎప్పటి నుంచి కొలుస్తోందో ఏమో.

"నాలుగొందల ముప్పై," అంది, కళ్ళ వెంట నీళ్ళు కారిపోతుంటే. "అరవై రెండు ఇంక ఏ మూలకి? ముసలాడు మరీ నెమ్మదించాడు."

"ఆయన కోసం విడిగా ఒక డిస్కు చేయిస్తాను మదాం," అన్నాడు తిబో. "ఎన్ని ఫ్రేములు కావాలంటే అన్ని."

"ఎందుకు నాయనా, రిమోట్ ఉందిగా." ఆవిడ దాన్ని అందుకుని, తెర ఆపి, ఆయన ఒళ్ళో ఉన్న చేతిని పట్టుకుంది. "హాల్లో సినిమా ఆపడం నా చేతిలో లేదు. అందుకే అతికించా. ఇక్కడ ఆయన నవ్వు అయ్యేదాకా నేను ఆపుతా. నవ్వవయ్యా, తొందరేం లేదు. మంత్రిగారు ఆగుతారులే."

ఆయన నవ్వాడు. ఆగి ఆగి, ఆయాసపడుతూ, హాయిగా నవ్వాడు. ఆరు నెలల బాకీ అంతా ఆ చిన్న గదిలో తీరుతున్నట్టుంది. నేనూ నవ్వాను. తిబో మాత్రం నవ్వలేదు. టార్టు పెట్టెకి కట్టిన దారాన్ని వేలికి చుట్టుకుంటూ, విప్పుతూ కూర్చున్నాడు.

"బ్లాండిన్ గారూ," అన్నాడు చివరికి, "మా అమ్మమ్మకి చెవుడు లేదండీ."

అర్థంకాక చూశాను.

"మిగతా సినిమాలప్పుడు నన్నేమీ అడిగేది కాదు. దీనికే. ఏమన్నాడ్రా, ఏమన్నాడ్రా అని. పదకొండు చోట్లే అయ్యుంటాయి. నవ్వేది కదా, నవ్వులో వినపడేది కాదు. నేనేమో చెవుడనుకుని గట్టిగా అరిచి చెప్పేవాణ్ణి. ఎన్ని క్రిస్మస్‌లో..." దారం తెగింది. "ఆవిడ ఎవరికి చెప్పుకుంటుంది, సినిమా నా కోసం ఆగలేదని? పదకొండూ ఉండనివ్వండి. మసకతో సహా. డిస్కు ఇరుక్కుందని ఎవరైనా ఫోన్ చేస్తే నాకు కలపమనండి, నేనే మాట్లాడతా."

రేమొంద్ గారు లేచి వెళ్ళి అతని తల మీద ముద్దు పెట్టింది. "ఇప్పుడు టార్టు కోయి," అంది.

ఇక్కడితో నా కథ అయిపోతే ఎంత బాగుండేదో. శుక్రవారం డిస్కు వెళ్ళేది, నేను ఆదివారం నది ఒడ్డున నడవడానికి వెళ్ళేదాన్ని.

తిబో కత్తి కోసం వంటగదిలోకి వెళ్ళాడు. రేమొంద్ గారు రిమోట్ నొక్కింది. స్టేషను దృశ్యం మళ్ళీ కదిలింది. మేయరు అడ్డనడకతో మంత్రి దాకా వచ్చాడు, కరచాలనం చేశాడు, బ్యాండు మోగింది. తర్వాత దృశ్యం మారి విందు మొదలైంది. అల్సీద్ గారి నవ్వు టక్కున ఆగిపోయింది. ఆయన తెరకేసి చూశాడు, కనుబొమలు ముడిచాడు. పెదవులు కదిలాయి. మాట బయటికి రావడానికి ఎంత కష్టపడ్డాడో ఆ మెడ నరాలు చెప్పాయి.

"మేక," అన్నాడు. ఆరు నెలల తర్వాత మొదటి మాట. "మేక... ఏది?"

నేను ఆనందంతో రేమొంద్ గారి వైపు తిరిగాను. ఆవిడ మొహంలో ఆనందం లేదు. నెత్తురు చుక్క లేదు. బొత్తం నొక్కి టీవీ ఆర్పేసింది.

"ఏదో అంటున్నాడు. పిచ్చిమాట," అంది. "మాటలు కలిసిపోతాయని డాక్టరు ముందే చెప్పాడు."

ఈ సినిమాలో ప్రతి ఫ్రేమూ నాకు తెలుసు. లక్షా ముప్పై వేల బొమ్మలు ఒక్కోటీ నా కళ్ళ ముందు నుంచే వెళ్ళాయి. మేక ఎక్కడా లేదు. "ఏ మేక మదాం?" అన్నాను.

"పిచ్చిమాట అన్నానుగా!"

అల్సీద్ గారు ఆవిణ్ణి చూశాడు. కోపంగా కాదు, ఎంతో ప్రేమగా, చాలాకాలం ఓపికపట్టిన మనిషిలా చూశాడు. "రేమొంద్," అన్నాడు స్పష్టంగా. "చెప్పు. ఇంక... చెప్పెయ్."

ఆవిడ కుర్చీలో కూలబడింది. "ఉండేది," అంది నా వైపు చూడకుండా. "ఆ గురువారం హాల్లో అందరూ చూశారు. ఆ తర్వాత ఆ ముక్క నేనే కోసేశా. కాలిపోయిందని డైరెక్టరుకి చెప్పా. ఆయన పోయేదాకా అదే నమ్మాడు."

వంటగదిలోంచి తిబో పిలిచాడు. "మదాం, కత్తి దొరికింది. ఈ గదిలో సీసా ఏదన్నా ఒలికిందా? ఒకటే వెనిగర్ వాసన."

నవంబరు నుంచి ఈ ఇంట్లో సూపు తప్ప ఏమీ లేదని ఆవిడే చెప్పింది. ఇది సలాడ్ వాసన కాదు, చెడుతున్న ఫిల్ము వాసన. అల్సీద్ గారి ఎడమచెయ్యి మెల్లగా లేచి, వంటగది తలుపు పైన, అటక మీదున్న తుప్పు పట్టిన గుండ్రటి రేకు డబ్బాని చూపించింది.